హాస్టల్ గది మాటలు కోర్టుకెక్కిన కథ: ‘కాలేజ్ రొమాన్స్’ కేసు నేపథ్యం

పాలమూరులోనో నల్లగొండలోనో నలుగురు దోస్తులు కలిసి కాలేజీ ప్రేమకథతో వెబ్‌సిరీస్ తీద్దామనుకుంటే, స్క్రిప్టు దగ్గరే లొల్లి మొదలవుతుంది. హాస్టల్‌లో పోరలు మాట్లాడుకునేటట్టే రాయాలా, కడిగి రాయాలా? కడిగితే డైలాగు అతికించినట్టుంటుంది. ఉన్నదున్నట్టు రాస్తే కేసు భయం. ఆ భయం పెరగడానికి కారణం ఢిల్లీలో నడిచిన ఒక కేసు.

టీవీఎఫ్ సంస్థ 2018లో ‘కాలేజ్ రొమాన్స్’ అనే హిందీ సిరీస్ తెచ్చింది. ముగ్గురు స్నేహితులు, వాళ్ల ప్రేమలు, అలకలు. మొదటి సీజన్ ఐదో ఎపిసోడ్‌లోని తిట్ల మీద ఫిర్యాదు వెళ్లింది. 2019 సెప్టెంబరులో మేజిస్ట్రేట్ అశ్లీలానికి సంబంధించిన ఐపీసీ (అప్పటి భారత శిక్షాస్మృతి) 292, 294, ఆన్‌లైన్ అశ్లీలం, లైంగిక దృశ్యాలకు సంబంధించిన ఐటీ చట్టం 67, 67ఏ సెక్షన్ల కింద ఎఫ్‌ఐఆర్‌కు ఆదేశించారు. 2020 నవంబరులో సెషన్స్ కోర్టు దాన్ని ఐటీ చట్టానికే పరిమితం చేసింది. ఆన్‌లైన్ అశ్లీలానికి ప్రత్యేక చట్టం ఉండగా 292 వర్తించదని సుప్రీంకోర్టు 2016లోనే శరత్‌బాబు దిగుమర్తి కేసులో తేల్చింది. సెక్షన్లు తగ్గాయి గానీ బరువు తగ్గలేదు. తొలి నేరానికి 67 కింద మూడేళ్ల జైలు, ఐదు లక్షల జరిమానా దాకా, 67ఏ కింద ఐదేళ్లు, పది లక్షల దాకా పడొచ్చు.

2023 మార్చి 6న ఢిల్లీ హైకోర్టు ఎఫ్‌ఐఆర్‌ను సమర్థించింది. ఛాంబర్‌లో ఇయర్‌ఫోన్లు పెట్టుకొని ఎపిసోడ్ చూడాల్సి వచ్చిందని న్యాయమూర్తి తీర్పులోనే రాశారు. అరెస్టు చేయమని తన ఆదేశం కాదని కూడా అన్నారు. ఆ ముక్క ఎంతమందికి గుర్తుందో గానీ, ఇయర్‌ఫోన్ల మాట మాత్రం ఊరంతా పాకింది.

2024 మార్చి 19న సుప్రీంకోర్టు కేసు కొట్టేసింది. తిట్టును నిఘంటువు అర్థంలో తీసుకోవడమే హైకోర్టు పొరపాటంది. కోపం, విసుగు, ఉత్సాహం వెళ్లగక్కే మాట వినేవాడిలో కామభావం రేపదు, కాబట్టి మోటుగా ఉన్నంత మాత్రాన అది అశ్లీలం కాదు. మన దగ్గర బస్సు పోతే ‘నీ యవ్వ’ అంటారు; అక్కడ ఎవరి తల్లి ప్రస్తావనా లేదు. ఏదో ఒక ముక్క పట్టుకోకుండా మొత్తం రచనను నేటి సమాజపు కొలతతో చూడాలన్న సూత్రం 2014 నాటి అవీక్ సర్కార్ తీర్పు నుంచే ఉంది.

అంటే ఇష్టమొచ్చినట్టు రాసుకోవచ్చని కాదు. 2021 ఫిబ్రవరి 25 నాటి ఐటీ నియమాల్లో ఓటీటీకి ఐదు రేటింగులు పెట్టారు: యూ, యూ/ఏ 7+, 13+, 16+, ఏ. 13+ నుంచి పిల్లలకు తాళం వేసే సదుపాయం ఉండాలి. ఫిర్యాదు అందిన 24 గంటల్లో ఓటీటీ సంస్థ అందినట్టు చెప్పాలి, 15 రోజుల్లో తేల్చాలి. (ఇందులో నియమావళిని పాటించి తీరాలన్న 9(1), ఫిర్యాదుల మూడంచెల వ్యవస్థ గురించిన 9(3) నిబంధనల మీద బాంబే హైకోర్టు 2021 ఆగస్టులో స్టే ఇచ్చింది.) ఏ మాట ఏ రేటింగుకో జాబితా ఇవ్వడం సాధ్యం కాదని, ప్రాంతాన్ని బట్టి, యాసను బట్టి చూడాలని ఆ నియమావళే ఒప్పుకుంది. నల్లగొండ మాటను హైదరాబాద్ ఆఫీసులో తూచే వాళ్లకు సన్నివేశం కింద ఒక వాక్యం వివరణ రాసి పంపడం మేలు.

ఇక్కడి స్క్రిప్టులకు అసలు గుంతలు వేరే చోట ఉన్నాయి. దోస్తుల నడుమ ఎకసెక్కంగా కులం పేరు పెట్టి అనే మాటలకు ఈ తీర్పు అక్కరకు రాదు. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం దాకా పోతుంది. రెండోది వయసు. ఇంటర్ ఫస్టియర్ పాత్రలంటే పదహారు, పదిహేడేళ్లే. పద్దెనిమిది నిండని వాళ్లను అసభ్యంగా చూపితే ఐటీ చట్టంలోనే 67బి ఉంది, తొలిసారికే ఐదేళ్ల దాకా శిక్ష. ప్రేమ సన్నివేశాలు ఘాటుగా ఉంటే జూనియర్ కాలేజీ కథను స్క్రిప్టు దశలోనే డిగ్రీ సెకండియర్‌కు జరపాలి. తీశాక మార్చడమంటే ఎడిటింగ్‌లో బీప్ వేసినంత తేలిక కాదు. యూనిఫాం, గోడ మీది బోర్డు, చేతిలో రికార్డు పుస్తకం, అన్నీ మార్చాల్సి వస్తుంది.