నీళ్ల లెక్కలు ఎక్కడ పెట్టుకోవాలి: ఈ పేచీ వెనక కథ

పాత నల్లగొండ జిల్లాలో మర్రిగూడ, మునుగోడు, నారాయణపురం వైపు బోరు నీళ్లలో ఫ్లోరైడ్ ఎంతుందో ఊరూరా తిరిగి రాసుకునే చిన్న గుంపు మాది. ఆ లెక్కల కోసం జాంగో అనే ఫ్రేమ్‌వర్క్ (సైట్ కట్టడానికి ముందే రాసిపెట్టిన కోడ్ సరంజామా) మీద సొంతంగా సైట్ రాసుకోవాలా, మీడియావికీ (వికీపీడియాను నడిపే సాఫ్ట్‌వేర్), నెక్స్ట్‌క్లౌడ్ (ఫైళ్లు దాచి పంచుకునేది) లాంటి రెడీమేడ్ ప్లాట్‌ఫామ్ పెట్టుకోవాలా అని మూడు నెలలుగా మాలో మాకు తెగడం లేదు. నిజానికి ఇది చాలా పాత పేచీ.

నలుగురు కలిసి ఒకచోట రాసుకునే సాఫ్ట్‌వేర్ వెబ్ జనంలోకి రాకముందే ఉంది. లోటస్ నోట్స్ 1989లోనే అమ్మకానికి వచ్చింది. వెబ్ మీద దారి చూపింది మాత్రం 1995 మార్చిలో వార్డ్ కన్నింగ్‌హామ్ పెట్టిన వికీ. చదివేవాళ్లే పేజీ దిద్దొచ్చు. 2003 డిసెంబరులో తెలుగు వికీపీడియా మొదలైంది ఈ పద్ధతి మీదే. కోడ్ రాకపోయినా తెలుగు టైపింగ్ వస్తే చాలు. బెల్జియంలో హాస్టల్ కుర్రాళ్లు తమలో తాము కబుర్లు రాసుకోవడానికి పెట్టుకున్న చిన్న సైటే 2001లో ద్రుపల్ అనే రెడీమేడ్ ప్లాట్‌ఫామ్ అయింది.

ఫ్రేమ్‌వర్కుల పుట్టుక నన్ను ఇంకా ఎక్కువ ఆకట్టుకుంటుంది. రూబీ ఆన్ రైల్స్ ఎక్కడినుంచి వచ్చిందో చూడండి: బేస్‌క్యాంప్ అనే, జట్లు కలిసి పనిచేసుకునే సైట్‌ను కట్టిన డేవిడ్ హైనమైయర్ హాన్సన్, దానికోసం రాసిన కోడ్‌లోంచే 2004లో దాన్ని విడదీసి అందరికీ ఇచ్చాడు. జాంగో అమెరికాలో కాన్సస్ రాష్ట్రపు ఒక పత్రికాఫీసులో పుట్టింది. గంటల్లో పేజీలు కట్టాల్సిన పని వాళ్లది. 2005 జులైలో బయటికి ఇచ్చారు. విలేకరులే వివరాలు ఎక్కించుకునేలా అడ్మిన్ పేజీలు అందులో మొదట్నుంచీ ఉన్నాయి. అంటే ఫ్రేమ్‌వర్క్ పుట్టిన చోట పక్క కుర్చీలోనే ప్రోగ్రామర్ ఉన్నాడు. మాకు లేనిది అదే.

ఆ లోటు ఎంత దెబ్బ కొడుతుందో ఒకసారి అనుభవించాం. ఇదివరకు మాలో ఒక తమ్ముడు సొంతంగా సైట్ రాసిపెట్టాడు, బాగుండేది. ఉద్యోగం వచ్చి వెళ్లిపోయాడు. 2016 అక్టోబరు 11న జిల్లాలు విడిపోయాయి. చౌటుప్పల్, నారాయణపురం యాదాద్రి భువనగిరి జిల్లాకు పోయాయి. మా సైట్‌లో జిల్లా పేరు కోడ్‌లోనే బిగించి ఉంది, మార్చడం ఎవరికీ చేతకాలేదు. ఎనిమిది నెలలు ఆ ఊళ్ల లెక్క మళ్లీ నోటు పుస్తకంలోనే రాసుకున్నాం.

తర్వాత వికీ పెట్టాం. రాయడం అందరికీ సులువైంది, కానీ ఒకరు '1.8' అని, ఒకరు '1.8 పీపీఎం' అని, ఇంకొకరు 'ఒకటిన్నర పైనే' అని రాశారు. తాగునీటిలో ఫ్లోరైడ్ లీటరుకు 1 మిల్లీగ్రాము (అంటే 1 పీపీఎం) దాటకూడదు, వేరే దిక్కు లేకపోతే 1.5 దాకా ఒప్పుకోవచ్చు అంటుంది మన దేశ ప్రమాణం. 1.5 దాటిన బోర్లన్నీ ఒక్కచోట చూపించమంటే ఆ వికీ చూపించలేదు. మాకు కావాల్సింది ముందు ఆ జాబితానే!

రెడీమేడ్ పెట్టుకుంటే నిశ్చింత అనే మాట కూడా పూర్తిగా నిజం కాదు. 2015లో వచ్చిన ద్రుపల్ 8వ వెర్షన్ లోపల అంతా మారిపోయింది. పాత 7 మీదున్న సైట్లను దాదాపు కొత్తగా కట్టుకోవాల్సి వచ్చింది. ఆ టెన్షన్ తట్టుకోలేనివాళ్ల కోసం 7 గడువును పొడిగిస్తూ పోయి, చివరికి 2025 జనవరి 5న ఆపేశారు.

అందుకే నా మాట ఇది: ఫొటోలు, మీటింగ్ కాగితాలు, ఊరివాళ్లు చెప్పిన సంగతులు నెక్స్ట్‌క్లౌడ్‌లో పెడదాం. లెక్కలకు మాత్రం జాంగో అడ్మిన్, అందులో నాలుగు గడులు చాలు: ఊరు, బోరు, తేదీ, ఫ్లోరైడ్. మండలం, జిల్లా పేర్లు విడి పట్టికలో ఉండాలి, రేపు మళ్లీ మారినా మనమే దిద్దుకునేలా. అయితే మాలో ఇద్దరైనా దాన్ని నడపడం నేర్చుకున్నాకే మొదలుపెడదాం. అప్పటిదాకా నీళ్లు పట్టే సీసాల మీద అంటించే చీటీల్లో ఆ నాలుగూ అదే వరసలో రాయండి.