మెలియెస్‌ను ముంచింది దొంగ ప్రింట్లేనా?
పైరసీ మీద రగడ రాజుకున్న ప్రతిసారీ తొలితరం ఫ్రెంచ్ దర్శకుడు జార్జ్ మెలియెస్ పేరు బయటికొస్తుంది. 1902 నాటి ‘ఎ ట్రిప్ టు ద మూన్’కు ఎడిసన్, లూబిన్ కంపెనీలు అమెరికాలో దొంగ ప్రింట్లు వేసి అమ్ముకున్నాయని, అందుకే ఆయన చివరికి పారిస్‌లోని మోంపర్నాస్ స్టేషన్‌లో బొమ్మల కొట్టు పెట్టుకోవాల్సి వచ్చిందని చెబుతారు. దొంగ ప్రింట్ల మాట నిజమే. దివాలాను వాటికి ముడిపెట్టడమే అతకదు.

ఆ దెబ్బ తగిలిన మరుసటి ఏడాదే, 1903లో, అన్న గాస్టన్‌ను పంపి న్యూయార్క్‌లో ఆఫీసు తెరిపించాడు. కాపీరైట్ కోసం అక్కడ ప్రింట్లు దాఖలు చేయించాడు. ఆ తర్వాత కూడా చాలా ఏళ్లు భారీ సెట్ల సినిమాలు తీస్తూనే ఉన్నాడు.

అసలు చిక్కు 1909లో మొదలైంది. ప్రింట్లు అమ్మడం మానేసి అద్దెకివ్వాలని పారిస్‌లో నిర్మాతలంతా తీర్మానించారు. ఆ సభకు అధ్యక్షుడు మెలియెస్సే! కానీ ఆయన సరుకు కొనేది తిరునాళ్లలో డేరాలు వేసుకునేవాళ్లు. అద్దె పద్ధతి వాళ్లకు గిట్టదు. కథ, సెట్లు, ట్రిక్కులు, నటన, దర్శకత్వం, అమ్మకం అన్నీ ఒక్కడే చూసుకునే మనిషికి పెద్ద కంపెనీల లెక్క ఎలా సరిపోతుంది?

1911లో ఫ్రాన్స్‌లోని పెద్ద సినిమా సంస్థ పాతే దగ్గర అప్పు తీసుకున్నాడు. పారిస్ పక్కనే మోంత్రుయ్‌లో ఉన్న స్టూడియో, ఇల్లు తాకట్టు. డబ్బు కన్నా ఖరీదైన షరతు ఇంకోటుంది: డిస్ట్రిబ్యూషన్‌తో పాటు ఎడిటింగ్ మీద కూడా హక్కు పాతేదే. మరుసటి ఏడాది ఆయన 54 నిమిషాల ‘సిండరెల్లా’ తీస్తే, పాతే మనిషి ఫెర్డినాండ్ జెక్కా దాన్ని 33 నిమిషాలకు కోసేశాడు. అయినా ఆడలేదు. జనం అభిరుచి మారింది, ఇచ్చిన అప్పు వసూలు చేసుకున్నాం అన్నది పాతే వైపు వాదన. అభిరుచి మారిన మాట కాదనలేం. కానీ కత్తెర ఎవరి చేతిలో ఉందో ఆ వాదనలో కనపడదు.

మొదటి ప్రపంచ యుద్ధం వల్ల ఆ అప్పు వసూలు కొన్నాళ్లు ఆగినా, 1923లో అంతా చేజారింది. ఆ ఏడాదే తన నెగెటివ్‌లను తానే తగలబెట్టుకున్నాడు. 500 పైచిలుకు సినిమాల్లో ఇప్పుడు మిగిలినవి దాదాపు 200. వాటిలో కొన్ని కాపీరైట్ కోసం అమెరికాలో దాఖలు చేసిన ప్రింట్ల వల్లే దక్కాయి.