ఇథియోపియా నుంచి వచ్చారట: రువాండా మెడకు చుట్టుకున్న ఒక పుస్తకాల కథ

1994 దాకా రువాండాలో వయసొచ్చిన ప్రతి మనిషి దగ్గరా ఒక గుర్తింపు కార్డు ఉండేది. అందులో ఫొటో, 'ఉబ్వోకో' (తెగ) అని ఒక వరుస. దేశంలోని మూడు వర్గాలు హుటు, టుట్సీ, ట్వా, వాటితోపాటు పౌరసత్వం తీసుకున్నవారు అని నాలుగు మాటలు ముందే అచ్చేసి ఉంటే, వర్తించనివి కొట్టేసేవారు. ఆ ఏడాది ఏప్రిల్ నుంచి జూలై దాకా సాగిన టుట్సీల ఊచకోతలో రోడ్లకు అడ్డంగా కత్తులతో కాపుకాసిన హుటు ముఠాలు అడిగింది ఈ కార్డే. కొట్టేయకుండా మిగిలిన మాట టుట్సీ అయితే ప్రాణం పోయినట్టే. చనిపోయినవాళ్లు ఐక్యరాజ్యసమితి లెక్కలో సుమారు 8 లక్షలు. రువాండా ప్రభుత్వం 10 లక్షలు దాటారంటుంది.

కిన్యరువాండా భాషలో ఉబ్వోకో అంటే రకం, తెగ. పూర్వం మీ ఉబ్వోకో ఏదని అడిగితే జనం వంశం పేరు చెప్పేవాళ్లు, మనవాళ్లు గోత్రం చెప్పినట్టు. ఒకే వంశంలో హుటులూ టుట్సీలూ ట్వాలూ కూడా ఉంటారు. అందరిదీ ఒకే భాష, ఇళ్లు పక్కపక్కనే. అలాంటి చోట పొరుగువాడు పరాయి దేశస్థుడు ఎలా అయ్యాడు? దీనికి జవాబు కోసం 130 ఏళ్లు వెనక్కి, ఆఫ్రికా జాతుల మీద యూరప్‌వాళ్లు రాసిన పుస్తకాల దగ్గరికి పోవాలి.

1861 చివర్లో నైలు నది పుట్టుక వెతుక్కుంటూ జాన్ హానింగ్ స్పీక్ అనే ఇంగ్లిష్ సైనికాధికారి కరాగ్వే అనే చిన్న రాజ్యం చేరాడు. ఇప్పుడది టాంజానియా వాయవ్య మూల. అక్కడి రాజు రుమానికా పొడుగ్గా, కోల ముఖంతో ఉన్నాడు, మర్యాదస్తుడు. స్పీక్‌కు తెగ నచ్చేశాడు. ఇంత నాగరికంగా ఉన్నవాడు ఇక్కడివాడు అయ్యుండడని తీర్మానించుకుని, మీ పూర్వీకులు అబిసీనియా (ఇప్పటి ఇథియోపియా) నుంచి వచ్చారు, మీది దావీదు రాజు వంశం అని ఆ రాజుకే చెప్పాడు. వచ్చి నాలుగు రోజులు కాలేదు, ఇంటి యజమానికి వాళ్ల తాతముత్తాతల చరిత్ర వినిపించాడన్నమాట! 1863లో అచ్చైన తన ప్రయాణ గ్రంథంలో దీనికి ఒక అధ్యాయమే కేటాయించాడు. రుమానికా లాంటి, పశువుల కాపరులైన హుమా పాలకులు ఇథియోపియా వైపు నుంచి దిగి వచ్చి రైతులను జయించారన్నది అందులోని ఊహ. పాపం, దాన్ని ఊహ అనే ఆయన రాశాడు. రువాండాలో మాత్రం ఆయన కాలు పెట్టనే లేదు.

ఈ ఊహ గాల్లోంచి పుట్టలేదు. బైబిలు ఆదికాండములో నోవహు తన కొడుకు హాము చేసిన తప్పుకు మనవడు కనానును శపిస్తాడు. నల్లవాళ్లంతా ఆ శాపగ్రస్తుడైన హాము సంతానమేనని చెప్పి చాలాకాలం బానిస వ్యాపారాన్ని సమర్థించుకున్నారు. 1798లో నెపోలియన్ ఈజిప్టు మీదికి వెళ్లాక చిక్కొచ్చి పడింది. అంత గొప్ప కట్టడాలు ఆఫ్రికావాళ్లవని ఒప్పుకోవడం ఎలా? దాంతో హాము వంశాన్ని తిరగరాశారు. 'హామైట్లు' నల్లగా ఉన్నా అసలు తెల్లజాతి శాఖేనట, ఆఫ్రికాలో ఏ మంచి కనిపించినా వాళ్లు పట్టుకొచ్చిందేనట. నిన్న శాపం మోసినవాళ్లే ఇవాళ నాగరికతకు మూలపురుషులయ్యారు.

ఈ కథకు శాస్త్రం ముద్ర పడింది 1930లో, లండన్ మానవశాస్త్రవేత్త సి.జి. సెలిగ్‌మన్ 'రేసెస్ ఆఫ్ ఆఫ్రికా'తో. చిన్న పుస్తకం, సులువైన భాష, విద్యార్థులు చదివేది. ఆఫ్రికా నాగరికతలన్నీ హామైట్లవేనని, పశువులు తోలుకుంటూ అలలుగా వచ్చిన ఆ తెల్లజాతివాళ్లు నల్ల రైతుల కంటే చురుకైనవాళ్లని అందులో తేల్చి చెప్పాడు. రచయిత 1940లో పోయినా పుస్తకం పోలేదు. 1966లో కూడా కొత్త కూర్పు వచ్చింది. (ఇదంతా మనకు మరీ కొత్తేం కాదు. ఎడ్గార్ థర్‌స్టన్ మద్రాసు ప్రెసిడెన్సీలో మనుషుల ముక్కులు కొలిచి, 1909లో కులాల మీద ఏడు సంపుటాలు వేసింది ఇదే కాలపు నమ్మకంతో.)

మొదటి ప్రపంచ యుద్ధంలో జర్మనీ చేతి నుంచి రువాండా బెల్జియం చేతికొచ్చింది. వాళ్లకు ఈ సిద్ధాంతం దొరికిన వరమే అయింది. పాలించడానికే పుట్టిన జాతి ఒకటి, అంటే హామైట్లుగా లెక్కకట్టిన టుట్సీలు, సిద్ధంగా ఉంటే దాని చేత పాలింపజేస్తే సరిపోయె. హుటు నాయకులను ఒక్కొక్కరినే తప్పించి టుట్సీలను పెట్టారు. మిషనరీ బడుల్లోనూ వాళ్లకే పెద్దపీట. 1930ల మొదట్లో జనాన్ని లెక్కించి ప్రతివాడికీ ఒక ముద్ర వేశారు, కార్డు ఇచ్చారు. అన్నీ బెల్జియంవాళ్లే పుట్టించారనడం కూడా నిజం కాదు. 19వ శతాబ్దం చివర్లో రాజు రువాబుగిరి కాలానికే వెట్టిచాకిరి హుటుల మీద పడి తేడాలు బిగుసుకున్నాయి. కానీ అప్పట్లో మంద పెంచుకున్న హుటు ఒకటి రెండు తరాల్లో టుట్సీగా చెల్లుబాటయ్యే దారి ఒకటుండేది, దానికి భాషలో ఒక మాట కూడా ఉంది: క్విహుటురా, హుటుతనం వదిలించుకోవడం. కార్డు ఆ దారి మూసేసింది.

కథ తిరగబడింది 1957లో. తమను తొక్కేస్తున్నారంటూ హుటు మేధావులు ఒక ప్రణాళిక ప్రకటించారు. అందులో న్యాయమైన ఫిర్యాదులు బోలెడు ఉన్నాయి. అయితే కార్డుల్లోంచి ఉబ్వోకో తీసేయొద్దని కూడా వాళ్లే అడిగారు. వలస కథను ఎవరూ కాదనలేదు, అర్థం మాత్రం మార్చేశారు. బయటినుంచి వచ్చారు కాబట్టి గొప్పవాళ్లు అనే మాట, బయటినుంచి వచ్చారు కాబట్టి పొమ్మనే మాటగా మారింది. 1959 నుంచి వేలకు వేల టుట్సీలు ఉగాండాకు, బురుండికి పారిపోయారు.

1992 నవంబరు 22న కబాయాలో లియోన్ ముగెసెరా అనే అధికార పార్టీ నాయకుడు మైకు ముందుకొచ్చాడు. మీ ఇల్లు ఇథియోపియాలో ఉంది, న్యబరొంగో నది మీదుగా దగ్గరి దారిలో పంపిస్తాం అని టుట్సీలను ఉద్దేశించి అన్నాడు. చిత్రమేమిటంటే ఆ నీళ్లు ఇథియోపియాకు పోనే పోవు. అకగేరా నదిలో కలిసి విక్టోరియా సరస్సుకు చేరతాయి. స్పీక్ వెతికి, తన రాణి పేరు పెట్టిన సరస్సు అదే. 1994లో వేల శవాలు ఆ దారినే కొట్టుకొచ్చాయి. ఉగాండా ఒడ్డున పల్లెవాళ్లు వాటిని తీసి పాతిపెట్టారు, చేపలు తినడం మానేశారు. ముగెసెరాకు 2016లో రువాండా కోర్టు యావజ్జీవ శిక్ష వేసింది.

వలసలే జరగలేదా అంటే, జరిగాయి. నైజీరియా, కామెరూన్ సరిహద్దు ప్రాంతం నుంచి బంటు భాషలు (కిన్యరువాండా వాటిలో ఒకటి) వేల ఏళ్లలో దక్షిణం దాకా పాకాయని భాషాశాస్త్రవేత్త జోసెఫ్ గ్రీన్‌బర్గ్ భాషలను పోల్చి చెప్పాడు, ఇప్పుడు జన్యుశాస్త్రమూ చాలావరకు అదే అంటోంది. 'హామిటిక్' అనే విడి భాషాశాఖే లేదని తేల్చింది కూడా ఆయన 1963 గ్రంథమే. తూర్పు ఆఫ్రికాకు పశుపోషణ ఉత్తరం నుంచే వచ్చింది. కాకపోతే వచ్చినవాళ్లు వచ్చినచోట కలిసిపోయారు, ఎవరూ నాగరికత మూట నెత్తిన పెట్టుకుని రాలేదు. పాత గ్రంథాలయంలో ఆఫ్రికా జాతుల పుస్తకం చేతికొస్తే నేను ముందు ముద్రణ సంవత్సరం చూస్తాను, తర్వాత చివరి పేజీల్లో 'హామైట్' అనే మాట ఉందేమో వెతుకుతాను.

రువాండా ఇప్పుడు కార్డులోంచి ఉబ్వోకో తీసేసింది. పక్కనే తూర్పు కాంగోలో వ్యవహారం ఇంకా తెగలేదు. అక్కడ కిన్యరువాండా మాట్లాడేవాళ్లకు 1972లో పౌరసత్వం ఇచ్చి, 1885 నాటికి మీ పూర్వీకులు ఇక్కడ ఉన్నట్టు చూపించమంటూ 1981 చట్టంతో లాగేసుకున్నారు. 2004లో ఆ గడువు తేదీని 1960కి జరిపారు. 2025 జనవరిలో ఎం23 తిరుగుబాటుదారులు గోమా నగరాన్ని పట్టుకున్నప్పుడు, తాము పోరాడేది కాంగో టుట్సీల రక్షణ కోసమేనని చెప్పుకున్నారు. కాంగో ప్రభుత్వం మాత్రం అది రువాండా ఆడిస్తున్న ఆట అంటోంది. గొడవలో ఖనిజాలూ ఉన్నాయి, భూములూ ఉన్నాయి. వీధిలో వినిపించే తిట్టు మాత్రం పాతదే: మీరు ఇక్కడివాళ్లు కాదు.