కాలకేయులకు ఊరెందుకు లేదు?

‘బాహుబలి’ రెండు భాగాలను ఒక్కటిగా కుదించి 2025 అక్టోబర్ 31న మళ్లీ విడుదల చేశారు. మొదటి భాగం వచ్చిన 2015లోనే కొందరు విమర్శకులు ఒక అభ్యంతరం లేవనెత్తారు. మాహిష్మతి మీదికి దండెత్తిన కాలకేయులకు ఒంటినిండా నలుపు పులిమి, ఎవరికీ అర్థంకాని భాష పెట్టి, అనాగరికులుగా నిలబెట్టడం ఏమిటని. అభిమానుల జవాబు ఒక్కటే: అది కల్పిత లోకం, ఆ రాజ్యాలూ జాతులూ ఎక్కడా లేవు, ఎవరూ నొచ్చుకోనక్కర్లేదు. వినడానికి బాగానే ఉంటుంది కానీ, దేశపటం ముందు పెట్టుకుంటే ఈ జవాబు నిలవదు.

మాహిష్మతి ఉంది. నర్మద ఒడ్డున, ఇప్పటి మధ్యప్రదేశ్‌లోని మహేశ్వరే ఆ పట్టణమని చాలామంది చరిత్రకారుల అభిప్రాయం. పురాణాల్లో అది కార్తవీర్యార్జునుడి రాజధాని. మహాభారతం సభాపర్వంలో సహదేవుడు దిగ్విజయానికి వెళ్లి అక్కడ నీలుడనే రాజు చేతిలో దాదాపు భంగపడతాడు. అగ్నిదేవుడే ఆ ఊరికి కాపలా, పాండవ సేన చుట్టూ మంటలు లేస్తాయి. దేవసేన పుట్టిల్లు కుంతల మనకు ఇంకా దగ్గర. కల్యాణి చాళుక్యులను కుంతలేశ్వరులనేవారు. వాళ్ల రాజధాని నేటి బసవకల్యాణ్, బీదర్ జిల్లాలో ఉంది. 1956 దాకా అది హైదరాబాద్ రాష్ట్రంలోనిదే.

ఇలా పేర్లు అరువు తెచ్చుకోవడం రాజమౌళితోనో, కథ రాసిన విజయేంద్రప్రసాద్‌తోనో మొదలు కాలేదు. హైదరాబాద్ నగరం పుట్టి ఇరవై ఏళ్లు నిండకముందే, 1609లో, గోల్కొండ ఆస్థాన కవి ముల్లా వజ్హీ దక్కనీ ఉర్దూలో ‘కుతుబ్ ముష్తరీ’ అనే కావ్యం రాశాడు. నాయకుడు సాక్షాత్తూ అప్పుడు సింహాసనం మీదున్న మహమ్మద్ కులీ కుతుబ్‌షా. కలలో కనిపించిన సుందరిని వెతుక్కుంటూ, చిత్రకారుడు ఉతారిద్‌ను వెంటబెట్టుకుని బయల్దేరతాడు. దారిలో మహాసర్పమూ రాక్షసుడూ అడ్డు తగులుతారు. పాత్రల పేర్లు గ్రహాలవి: ముష్తరీ గురుడు, ఉతారిద్ బుధుడు, మిర్రీఖ్ కుజుడు. ఇంతా చేసి ఆ సుందరి ఉండేది ఏ గంధర్వలోకంలోనో కాదు, బంగాళంలో! గోల్కొండ వారికి బంగాళం అంత దూరం, అందుకే అంత అద్భుతం. 1951లో కె.వి.రెడ్డి తీసిన ‘పాతాళభైరవి’లోనూ అదే లెక్క. రాజ్యం ఉజ్జయిని, మాంత్రికుడిది నేపాళం. మన కథకులు దేశాలను కల్పించడానికి పెద్దగా శ్రమపడలేదు. ఎరిగిన పేరులో రాజును కూర్చోబెట్టి, ఎరగని దూరంలో మంత్రగాణ్ని పెట్టారు.

కాలకేయుల సంగతి వేరు. వీళ్లు భారతం నుంచే వచ్చారు, వస్తూ వస్తూ చాలా పోగొట్టుకున్నారు. అరణ్యపర్వంలో వీళ్లవి రెండు ముఖాలు. ఒక కథలో, వృత్రాసురుడు చచ్చాక పగలంతా సముద్రంలో దాక్కుని, రాత్రిళ్లు ఆశ్రమాల మీద పడి మునులను తినేస్తుంటారు. వీళ్లను బయటికి లాగడానికే అగస్త్యుడు సముద్రాన్ని తాగేశాడు. సినిమాకు పనికొచ్చింది ఈ ముఖమే. రెండో కథ అర్జునుడు స్వయంగా ధర్మరాజుకు చెప్పింది. నివాతకవచులనే రాక్షసులను చంపి తిరిగొస్తుంటే ఆకాశంలో తేలుతున్న పట్టణం ఒకటి కనిపిస్తుంది. అది హిరణ్యపురం. పులోమ, కాలక అనే ఇద్దరు తల్లులు ఏళ్ల తరబడి తపస్సు చేసి, తమ బిడ్డలకు పెద్దగా దుఃఖం తగలకూడదని బ్రహ్మను అడిగి సంపాదించిన ఊరు. కాలక బిడ్డలు కాబట్టే కాలకేయులు. అర్జునుడు రౌద్రాస్త్రంతో వాళ్లను మట్టుబెట్టాక, స్త్రీలు జుట్టు విరబోసుకుని, కొడుకుల కోసం, అన్నదమ్ముల కోసం ఏడుస్తూ బయటికొస్తారు. ఈ మాట గెలిచినవాడి నోటే చెప్పించాడు వ్యాసుడు.

సినిమాలో తల్లీ లేదు, ఊరూ లేదు. బదులుగా భాష దొరికింది. తమిళ గీతరచయిత మదన్ కార్కీ సుమారు 750 మాటలు, 40 వ్యాకరణ సూత్రాలతో కిలికి భాషను తయారు చేశారు. ఆస్ట్రేలియాలో చదువుకునే రోజుల్లో పిల్లల్ని ఆడించడానికి అల్లుకున్న మాటలే దానికి మూలమని ఆయనే చెప్పారు. అందులో ‘మిన్’ అంటే నేను. తిరగేసి ‘నిమ్’ అంటే నువ్వు. ఇంత ముచ్చటగా కట్టిన భాష తెర మీద బెదిరింపులకూ దుర్భాషలకే సరిపోయింది. 2020 ఫిబ్రవరి 21న, మాతృభాషా దినోత్సవం నాడు, లిపితో సహా దాన్ని ప్రజల ముందు పెట్టారు. తల్లి ఒడిలో ఆ భాష నేర్చుకున్నవాడు కథలో కూడా ఒక్కడూ కనిపించడు.

నా దృష్టిలో రంగు కంటే పెద్ద లోపం ఇదే. ఆ మాటకొస్తే మాహిష్మతి ప్రజలకూ గొప్ప భాగ్యమేమీ దక్కలేదు. యుద్ధంలో కాలకేయులు వాళ్లను బందీలుగా ముందు నిలబెడితే, భల్లాలదేవుడు తొక్కుకుంటూ పోతాడు, బాహుబలి కాపాడి సింహాసనానికి అర్హుడవుతాడు. ప్రజలున్నది రాజుగారి పరీక్ష కోసమే. వాళ్లు ఏం పండిస్తారో, పన్ను ఎంత కడతారో, ఆ మహావిగ్రహాన్ని నిలబెట్టే బానిసలు ఏ దేశం వాళ్లో కథకు పట్టలేదు. రామోజీ ఫిల్మ్ సిటీకి వచ్చినవాళ్లు ఇప్పటికీ ఫొటోలు దిగేది కోట ముందే.

రెండో భాగంలో కుంతల మీదికి పిండారీలు వస్తారు. వీళ్లు పురాణం కూడా కాదు, నిన్నమొన్నటి చరిత్ర: మరాఠా సైన్యాల వెంట తిరుగుతూ దోపిడీలతో బతికిన గుర్రపు దండ్లు. 1817-18లో ఈస్టిండియా కంపెనీ వీళ్లను అణచివేసింది. వీళ్ల స్థావరాలు మాల్వాలో, నర్మద లోయలో ఉండేవి. అంటే, అసలు మాహిష్మతికి ఇరుగుపొరుగునే.