గుట్టు దాచిన ఊరు

చిన్నూకి, అమ్ములుకి తాతయ్య ఆశీస్సులు.

తొమ్మిదో తరగతి హిట్లర్ పాఠం చదివాక చిన్నూ ఫోన్‌లో అడిగాడు కదా, "అంతమంది యూదులను పట్టుకుపోతుంటే చుట్టుపక్కల వాళ్లు చూస్తూ ఊరుకున్నారా తాతయ్యా?" అని. చాలామంది ఊరుకున్నారు నాన్నా. పోలీసులకు ఆచూకీ చెప్పినవాళ్లూ ఉన్నారు. అయితే ఊరుకోని ఊరు ఒకటుంది. దాని గురించి ఫోన్‌లో చెబితే సరిపోదని ఉత్తరం రాస్తున్నాను.

ఆ ఊరు ఫ్రాన్స్‌లో ఉంది. పేరు ల షాంబో. సముద్రమట్టానికి సుమారు 1000 మీటర్ల ఎత్తున, చలికాలమంతా మంచు పడే పీఠభూమి. జనం ఎక్కువమంది క్రైస్తవుల్లో ప్రొటెస్టెంట్ శాఖకు చెందిన రైతులు. ఒకప్పుడు ఫ్రాన్స్ రాజులు మతం పేరుతో వాళ్ల పూర్వీకులను వేటాడారు. అడవుల్లో చాటుగా ప్రార్థనలు చేసుకున్న ఆ ముత్తాతల కథలు వింటూ పెరిగినవాళ్లు వీళ్లు. తరుముకొస్తుంటే మనిషికి ఎలా ఉంటుందో వాళ్లకు ఒకరు చెప్పనక్కర్లేదు.

1940లో ఫ్రాన్స్ ఓడిపోయింది. విషీ పట్టణం కేంద్రంగా జర్మనీ చెప్పినట్టు ఆడే ప్రభుత్వం వచ్చింది. ఆ చలికాలంలో ఒకరోజు ల షాంబో పాస్టర్ ఆంద్రె ట్రోక్మే ఇంటి తలుపు ఎవరో తట్టారు. ఆయన భార్య మాగ్డా పొయ్యిలో కట్టెలు పెడుతోంది. తలుపు తీస్తే మంచులో తడిసి వణికిపోతున్న ఒకావిడ. జర్మనీ నుంచి పారిపోయి వచ్చిన యూదురాలు. లోపలికి రావచ్చా అని అడిగింది. రామ్మా రా అంది మాగ్డా. తడిసిన బూట్లు ఆరతాయని పొయ్యి అరలో పెట్టి, ఆమెకు గుర్తింపు కాగితాలేమైనా దొరుకుతాయేమోనని మేయర్ దగ్గరికి పరిగెత్తింది. ఎవరో పరాయి దేశపు మనిషి కోసం ఊరందరినీ ప్రమాదంలో పడేస్తావా అని ఆయన కేకలేశాడు. తిరిగొచ్చేసరికి బూట్లు మాడి నల్లబడ్డాయి! యుద్ధకాలంలో బూట్లు దొరకడమంటే మాటలా? ఎక్కడెక్కడో అడిగి ఇంకో జత తెచ్చి ఇచ్చింది.

ఆ మేయర్ మీద నాకు కోపం లేదు. ఆయన భయం ఊరి కోసమే. అంత భయం ఉన్నా తలుపులు తెరిచినవాళ్లను తలుచుకుంటేనే నాకు ఆశ్చర్యం.

మనిషిని దాచడమంటే అటక ఎక్కించి తలుపు వేయడమే అనుకుంటాం. దాక్కున్న మనిషికీ ఆకలేస్తుంది కదమ్మా. అప్పుడు రొట్టె కావాలంటే రేషన్ కార్డు ఉండాలి. కార్డుకు పేరు కావాలి. అసలు పేరు చెబితే ప్రాణం పోతుంది. అందుకే దొంగ కాగితాలు. వాటిని తయారుచేసినవాడు ఆస్కార్ రోసోవ్‌స్కీ. అప్పటికి వాడికి ఇరవై ఏళ్లు కూడా నిండలేదు. వాడూ యూదుడే. డాక్టర్ కావాలనుకున్నాడు, కానీ యూదులకు పెట్టిన ఆంక్షల వల్ల కుదరక నీస్ నగరంలో టైప్‌రైటర్లు బాగుచేసే పనిలో చేరాడు. నాన్నను పోలీసులు పట్టుకుపోయారు. అమ్మను మాత్రం తన చేత్తో చేసిన దొంగ కాగితంతో నిర్బంధ శిబిరం నుంచి విడిపించుకుని ల షాంబో చేరాడు. అక్కడ ఒక రైతు ఇంట్లో కూర్చుని వేల కాగితాలు తయారుచేశాడు. సోదాకు వస్తే దొరక్కుండా వాటిని ఆ రైతు తేనెటీగల పెట్టెల్లో దాచేవారు. తేనెటీగల్లో చెయ్యి పెట్టే పోలీసు ఎవడు చెప్పండి! యుద్ధం అయ్యాక ఆస్కార్ నిజంగానే డాక్టరయ్యాడు.

1942 జూలైలో పారిస్‌లో రెండు రోజుల్లో దాదాపు 13,000 మంది యూదులను అరెస్టు చేశారు. చేసింది ఫ్రాన్స్ పోలీసులే. మరుసటి నెల విషీ మంత్రి ఒకాయన ల షాంబో వస్తే, అక్కడి స్కూలు విద్యార్థులు ఆయన చేతికి ఒక లేఖ ఇచ్చారు. మా మధ్య యూదులున్నారు, మేం తేడా చూడం, వాళ్లను పట్టుకుపోతామంటే శక్తికొద్దీ దాచుకుంటాం అని దాని సారాంశం. మీకన్నా కాస్త పెద్ద పిల్లలు, మంత్రి మొహం మీదే!

రెండు వారాలకల్లా పోలీసులు బస్సులతో దిగారు. యూదుల జాబితా ఇవ్వమన్నారు. నాకు తెలిసింది మనుషులే, యూదులంటే ఎవరో తెలియదన్నాడు ట్రోక్మే. పోలీసులు రోజుల తరబడి ఇల్లిల్లూ వెతికారు. దాక్కోవాల్సినవాళ్లు అప్పటికే పొలాల్లోకి, అడవిలోకి జారుకున్నారు. బస్సులు దాదాపు ఖాళీగానే పోయాయి. ఊళ్లో ఒక్కరూ నోరు జారలేదు.

ప్రతిసారీ అలా జరగలేదు, ఆ సంగతీ మీకు తెలియాలి. 1943 జూన్‌లో జర్మన్ పోలీసులు విద్యార్థులుండే ఒక వసతి గృహం మీద పడ్డారు. దాన్ని చూసుకునేవాడు పాస్టర్ బంధువు డేనియల్ ట్రోక్మే. తప్పించుకునే వీలుండి కూడా పిల్లల్ని వదిలి పోనన్నాడు. వాళ్లతో పాటే తీసుకుపోయారు. మరుసటి ఏడు పోలండ్‌లోని మైదానెక్ అనే నాజీ నిర్బంధ శిబిరంలో చనిపోయాడు. ఊరి డాక్టర్ రోజె ల ఫొరెస్త్యేను 1944 ఆగస్టులో లియాన్ దగ్గర చంపేశారు.

ఆ పీఠభూమిలో తలదాచుకున్నవాళ్లు వేలల్లో ఉంటారంటారు. 1990లో హిట్లర్ కాలంలో చనిపోయిన యూదుల స్మృతిని కాపాడే ఇజ్రాయెల్‌లోని యాద్ వషేమ్ సంస్థ, విడివిడి మనుషులనే కాకుండా మొత్తం ఊరినీ చుట్టుపక్కల పల్లెలనూ కలిపి గౌరవించింది. అలా ఊరంతటికీ గౌరవం దక్కడం చాలా అరుదు.

వచ్చే ఉత్తరంలో డెన్మార్క్ సంగతి రాస్తాను. 1943 అక్టోబరులో అక్కడి జాలర్లు ఏడు వేల మందికి పైగా యూదులను పడవల్లో స్వీడన్ దాటించారు. ఈలోగా అట్లాస్ తీసి ఆ రెండు దేశాల మధ్య సముద్రం ఎంత ఇరుకుగా ఉందో చూసి పెట్టుకోండి. అమ్మమ్మ మిమ్మల్ని అడిగానని చెప్పమంది.

మీ
తాతయ్య