దీవుల మొక్కలు: అపోహలు - వాస్తవాలు

భూమి మీది నేలలో దీవుల వాటా ఇంచుమించు 5 శాతమే. అయినా ప్రపంచంలోని ఫెర్న్‌లు, పూల మొక్కలు, తదితర నాళికాయుత మొక్కల జాతుల్లో దాదాపు ఐదో వంతు దీవుల్లో తప్ప మరెక్కడా సహజంగా పెరగవు, వాటిలో సుమారు సగం ముప్పులో ఉన్నట్టు అంచనా. ఈ మొక్కల సంరక్షణలో పనిచేస్తున్న నాకు కొన్ని అభిప్రాయాలు తరచుగా ఎదురవుతుంటాయి. పథకాలు రచించేవారిలో కూడా అవి బలంగా నాటుకుపోయి ఉండటం, వాటి వల్ల చేయవలసిన పని పక్కదారి పట్టడం చూశాను కాబట్టి ఇక్కడ వివరంగా రాస్తున్నాను.

అపోహ: దీవులకు మొక్కలు సముద్రం మీద తేలుతూ చేరుకున్నాయి.

కొబ్బరికాయను చూసి అన్ని మొక్కలూ అలాగే వచ్చి ఉంటాయని అనుకుంటాం. తేలి వచ్చే జాతులు ఉన్న మాట నిజమే గానీ, అవి ఎక్కువగా తీరం వెంబడి ఇసుకకే పరిమితమవుతాయి. 1883లో ఇండోనేషియాలోని క్రకటోవా అగ్నిపర్వతం పేలి అక్కడి జీవజాలమంతా బూడిద కింద సమాధి అయింది. మూడేళ్ల తరువాత, 1886లో, మెల్కియార్ ట్రోయిబ్ అనే వృక్షశాస్త్రజ్ఞుడు ఆ దీవికి వెళ్లి చూస్తే లోపలి వాలుల మీద ఎక్కువగా పరుచుకుని ఉన్నవి ఫెర్న్‌లు. దుమ్ములా తేలికైన వాటి సిద్ధబీజాలను గాలి మోసుకొచ్చింది. హవాయి దీవులకు చేరిన పూల మొక్కల పూర్వీకుల్లో ముప్పాతిక వంతు పక్షుల కడుపులోనో, ఈకలకు అంటుకునో, కాళ్ల బురదలోనో వచ్చాయని అంచనా.

బురద మాట ఊరికే అన్నది కాదు. చార్లెస్ డార్విన్ ఒక చిన్న చెరువు అంచున, నీటి అడుగున, మూడు చోట్ల నుంచి మూడు పెద్ద చెంచాల బురద తెచ్చి, ఆరు నెలల పాటు తన గదిలో మూతపెట్టి ఉంచి, మొలిచిన ప్రతి మొక్కనూ లెక్కపెట్టి పీకేశాడు. ఒక కప్పులో పట్టే ఆ బురదలో నుంచి 537 మొక్కలు వచ్చాయి. ఆయనే 87 రకాల విత్తనాలను ఉప్పునీటిలో నానబెట్టి చూస్తే 28 రోజుల తరువాత కూడా 64 రకాలు మొలకెత్తాయి. ఇంతకూ అన్నిటికంటే బరువైన విత్తనం, 15 కిలోలు కూడా దాటగల సీషెల్స్ దీవుల కోకో డి మేర్, సముద్రయానానికి బొత్తిగా పనికిరాదు. ప్రాణమున్న కాయ నీటిలో మునిగిపోతుంది, తీరాలకు కొట్టుకొచ్చేవన్నీ లోపల కుళ్లిపోయినవే. ఆ చెట్టు సముద్రగర్భంలో పెరుగుతుందని పూర్వపు నావికులు నమ్మారు గానీ, అది సహజంగా పెరిగేది ప్రాలిన్, క్యూరియూజ్ అనే రెండు చిన్న దీవుల మీద మాత్రమే.

అపోహ: పరిణామం లక్షల సంవత్సరాల వ్యవహారం, మన కళ్ల ముందు జరిగేది కాదు.

కొత్త జాతులు ఏర్పడటానికి దీర్ఘకాలం పట్టడం మామూలే. హవాయిలో సిల్వర్‌స్వార్డ్ సమూహానికి చెందిన ముప్పైకి పైగా జాతులు, నేలకు అంటుకుని పెరిగేవి, పొదలు, తీగలు, చెట్లు అన్నీ కలిపి, కాలిఫోర్నియా తీరం నుంచి సుమారు యాభై లక్షల సంవత్సరాల కిందట వచ్చిన ఒకే ఒక పూర్వీకుని సంతానం. దక్షిణ అట్లాంటిక్ సముద్రంలోని సెయింట్ హెలెనా దీవిలో పొద్దుతిరుగుడు కుటుంబపు మొక్కలు చెట్లయి అడవులుగా నిలిచాయి. ఖండాల మీద చెట్లు ఆక్రమించుకున్న స్థానం అక్కడ ఖాళీగా దొరికినందువల్ల మెత్తని కాండం ఉన్న చిన్న మొక్కలు మానులయ్యే దారి తెరుచుకుంది.

అయితే పరిణామపు తొలి అడుగు చాలా వేగంగా పడగలదు. కెనడా పశ్చిమ తీరంలోని చిన్న చిన్న దీవుల్లో, గాలికి ఎగిరే విత్తనాలున్న మొక్కలను 1980లలో ఏటేటా కొలిచారు. వాటి గింజకు పైన గొడుగులాంటి నూగు ఉంటుంది, దాన్ని కేశగుచ్ఛం అంటారు. దీవికి కొత్తగా చేరిన మొక్కల గింజలు ఖండం మీది వాటికంటే చిన్నవి, తేలికైనవిగా కనిపించాయి, ఎందుకంటే అంత దూరం ఎగరగలిగినవే వచ్చాయి. ఆ తరువాత పదేళ్లు కూడా గడవకముందే గింజలు బరువెక్కి, గొడుగు చిన్నదైంది. కారణం సులభంగా అర్థమవుతుంది: గది వెడల్పు ఉన్న రాతి దిబ్బ మీద బాగా ఎగరగలిగిన గింజ సముద్రంలో పడి నశిస్తుంది, ఎగరలేనిదే నేల మీద మిగులుతుంది. తనను దీవికి తెచ్చిన శక్తినే మొక్క దీవి మీద వదులుకుంటుంది. ఈ రంగంలో నాకు అన్నిటికంటే ఇష్టమైన ఉదాహరణ ఇది. సంరక్షణకు కూడా దీనితో నేరుగా సంబంధం ఉంది, ఎందుకంటే అలా మారిన మొక్క తన దీవిలో పరిస్థితి చెడితే పక్క దీవికి వెళ్లి బతకలేదు.

అపోహ: దీవుల మొక్కలు పుట్టుకతోనే బలహీనమైనవి, నశించక తప్పదు.

సంరక్షణకు అన్నిటికంటే ఎక్కువ హాని చేసిన అపోహ ఇదేనని నా అభిప్రాయం. రక్షణ సాధనాలు కోల్పోయిన మొక్కలు దీవుల్లో ఉన్నాయి. హవాయిలో పుదీనా కుటుంబానికి చెందిన స్థానిక మొక్కలు చాలావరకు ఆ ఘాటు వాసనను వదులుకున్నాయి. కానీ మొత్తం మీద చూస్తే ఈ మొక్కలు ఆయుధాలు లేనివి కావు, వేరే శత్రువును ఎదుర్కోవడానికి ఆయుధాలు సిద్ధం చేసుకున్నవి. దీవుల్లో ఆకులు మేసినవి పశువులు కావు, ఎగరలేని పెద్ద పక్షులు, రాక్షసి తాబేళ్లు. పక్షికి పళ్లు ఉండవు, ముక్కుతో పట్టి లాగి తెంపుకుంటుంది. న్యూజిలాండ్ పొదల్లో అనేకం సన్నని, తీగలాంటి, లాగితే సాగి వెనక్కి కొట్టే కొమ్మలను చిక్కుపడినట్టు పెంచి, చిట్టి ఆకులను లోపల దాచుకుంటాయి. అక్కడి లాన్స్‌వుడ్ చెట్టు చిన్నతనంలో కత్తిలాంటి బిరుసైన, మట్టి రంగు ఆకులు వేసి, సుమారు మూడు మీటర్ల ఎత్తు దాటాక మామూలు ఆకులకు మారుతుంది. అంతరించిన మోవా పక్షుల మెడ అందేది ఇంచుమించు ఆ ఎత్తు వరకే. హవాయిలో సయానియా అనే మొక్కల జాతుల్లో కొన్నిటికి లేత వయసులోనే ముళ్లు ఉంటాయి, ఎత్తు పెరిగాక ఉండవు. హిందూ మహాసముద్రంలోని మారిషస్, రోడ్రిగ్స్ దీవుల్లో చాలా మొక్కల లేత ఆకులు ముదురు ఆకులతో పోలికే లేకుండా ఉంటాయి. రెండూ పక్కపక్కన పెడితే తాబేళ్లు ముదురు మొక్కల ఆకులనే ఎక్కువగా తిన్నట్టు పరీక్షల్లో తేలింది.

మేక పద్ధతి వేరు. అది కొమ్మతో సహా నమిలేస్తుంది, బెరడు ఒలుస్తుంది, వెనుక కాళ్ల మీద లేచి అందుకుంటుంది. పక్షి ముక్కు కోసం తయారైన కవచం మేక పళ్ల ముందు నిలవకపోవడాన్ని బలహీనత అనడం న్యాయం కాదు.

అపోహ: డోడో పక్షి పోయింది కాబట్టి టాంబలకోక్ చెట్టుకు మొలకలు రావడం ఆగిపోయింది.

పాఠ్యపుస్తకాల్లోకి కూడా ఎక్కిన కథ ఇది. 1977లో ఒక పరిశోధకుడు, మారిషస్‌లో ఈ జాతి చెట్లు 13 మాత్రమే మిగిలాయని, అన్నీ మూడు వందల ఏళ్లు దాటినవేనని, డోడో కడుపులో నలిగితే తప్ప దాని గట్టి టెంక మొలకెత్తదని ప్రతిపాదించారు. 17 విత్తనాలను టర్కీ కోళ్లకు బలవంతంగా తినిపిస్తే 7 నలిగిపోగా మిగిలిన పదిలో 3 మొలిచాయి. కానీ పోల్చి చూడటానికి, ఏ పక్షికీ తినిపించని విత్తనాలను పక్కన నాటి ఉంచలేదు. ఆ టెంక చుట్టూ ఒక సన్నని గీత ఉంటుంది, మొలక దాని వెంబడే టెంకను రెండుగా విప్పుకుని వస్తుంది. పక్షి సాయం లేకుండా మొలవగలదని 1941లోనే నమోదైంది. తరువాతి సర్వేల్లో చెట్లు వందల సంఖ్యలో కనిపించాయి, వాటిలో వయసు తక్కువవీ ఉన్నాయి. అసలు ఇబ్బంది మనుషులు తెచ్చిన కోతులు, పందులు, జింకలు, అడవిని కమ్మేస్తున్న స్ట్రాబెర్రీ జామ అనే బయటి చెట్టు వంటివి.

కథ తప్పయినంత మాత్రాన దాని వెనుక ఉన్న ఆలోచన తప్పు కాదు. పండ్లు తిని గింజలు చల్లే జంతువు పోతే చెట్టుకు నష్టమే. మారిషస్ పక్కనే ఉన్న ఇల్ ఓజెగ్రెట్ దీవిలో 2000 నుంచి ఆల్డబ్రా రాక్షసి తాబేళ్లను వదిలి చూశారు. అవి అక్కడి నల్లచేవ చెట్టు పండ్లను తిని, గింజలను తల్లిచెట్టుకు దూరంగా విసర్జించాయి. ఎన్నో ఏళ్లుగా మొలకలు లేని చోట్ల మొలకలు లేచాయి. అంతరించిన తాబేలు చేసిన పనిని దాని బంధువు అందిపుచ్చుకుంది.

అపోహ: మేకలను తొలగిస్తే అడవి దానంతట అదే తిరిగి వస్తుంది.

కొన్నిచోట్ల వచ్చింది. మారిషస్‌కు ఉత్తరాన ఉన్న రౌండ్ ఐలాండ్‌లో 1979కల్లా మేకలను, 1986లో కుందేళ్లను తొలగించాక, అక్కడి తాటి జాతుల మొలకలు తిరిగి నిలబడ్డాయి. తోటల్లో అందానికి పెంచే బాటిల్ పామ్ స్వస్థలం ఆ చిన్న దీవే. గాలాపగోస్‌లో 1997 నుంచి 2006 వరకు సాగిన ప్రాజెక్టులో 1,40,000కు పైగా మేకలను తొలగించారు. అంత పెద్ద దీవుల మీద అది అసాధ్యమని అంతకు ముందు అందరూ అనుకున్నారు. కానీ శాంటియాగో దీవిలో, మేకలు అప్పటిదాకా మేసి అదుపులో ఉంచిన రూబస్ నైవియస్ అనే ఆసియా కోరింద పొద ఆ తరువాత విచ్చలవిడిగా వ్యాపించింది. మేకలను తీయవద్దని దీని అర్థం కాదు. వాటిని తీసే ముందే, అవి ఏ మొక్కను అణచి ఉంచాయో లెక్క వేసుకుని, దాని తొలగింపునూ అదే ప్రణాళికలో, అదే బడ్జెట్‌లో చేర్చాలి.

అపోహ: దీవి పచ్చగా ఉంది, మొక్కల జాతులు పెరిగాయి, ఇక దిగులెందుకు?

న్యూజిలాండ్‌లో స్థానిక మొక్కలు రెండు వేలకు పైగా ఉంటే, బయటి నుంచి వచ్చి స్థిరపడినవీ ఇంచుమించు అన్నే ఉన్నాయి. ఆ దీవుల లెక్క రెట్టింపయినా ప్రపంచపు లెక్కలో చేరింది సున్నా. పసిఫిక్ సముద్రంలోని తహితి దీవికి 1937లో అలంకరణ మొక్కగా తెచ్చిన మైకోనియా తన పెద్ద పెద్ద ఆకులతో దీవిలో సగానికి పైగా పరుచుకుని కింద చీకటి చేసింది. ఆ చీకటిలో స్థానిక మొలకలు లేవలేవు. దూరం నుంచి చూసినవారికి అదొక దట్టమైన, ఆరోగ్యవంతమైన అడవి. మరోవైపు, బయటి జాతి అన్నంత మాత్రాన ప్రతిదాన్నీ తుడిచేయాలని కూడా నేను అనను. హవాయిలో ఈయీయే అనే స్థానిక తీగకు పరాగసంపర్కం చేసే పక్షులు చాలావరకు పోగా, 1929లో జపాన్ నుంచి వచ్చిన వైట్‌ఐ పిట్ట ఇప్పుడు ఆ పని చేస్తోంది.

అపోహ: వందల మొక్కలు నాటితే జాతి దక్కినట్టే.

హవాయిలోని మౌనా కేయా పర్వతం మీద పెరిగే సిల్వర్‌స్వార్డ్ వెండి రంగు కత్తుల గుత్తిలా ఎన్నో ఏళ్లు పెరిగి, ఒక్కసారే పూసి, చనిపోతుంది. మేకలు, గొర్రెల వల్ల అది కొద్ది మొక్కలకు పడిపోతే 1970ల నుంచి నర్సరీలో పెంచి నాలుగు వందలకు పైగా మొక్కలను తిరిగి నాటారు. చాలా మంచి పని. కానీ తరువాత చూస్తే అవన్నీ 1970లలో పూసిన రెండే రెండు తల్లి మొక్కల సంతానం. ఈ మొక్క తన పుప్పొడిని తాను దాదాపు అంగీకరించదు, దగ్గరి బంధువులదీ అంతంతమాత్రమే. కాబట్టి వందల మొక్కలు పూసినా గింజ పట్టడం కష్టమవుతుంది. కొండచరియల్లో మిగిలిన సహజ మొక్కల పుప్పొడిని చేత్తో అద్దుతూ ఆ వైవిధ్యాన్ని మళ్లీ కలపవలసి వచ్చింది. నర్సరీలో ప్రతి కుండీ మీద తల్లి మొక్క సంఖ్య రాయాలని మేము పట్టుబట్టేది ఇందుకే. విత్తన నిధి కూడా అన్నిటికీ పరిష్కారం కాదు, కోకో డి మేర్ గింజను ఆరబెట్టి చల్లని అరలో దాచలేం.

అపోహ: ఒకే మొక్క మిగిలితే ఇక ఖర్చు దండగ.

కొన్నిసార్లు ఆలస్యమైపోతుంది. సెయింట్ హెలెనా ఆలివ్ అడవిలో 1994లో, తోటలో 2003లో చనిపోయింది. దానితో ఒక ప్రజాతే ముగిసింది. అదే దీవిలో, అంతరించిందనుకున్న ఎబొనీ పొదలు రెండు 1980లో కొండ అంచున కనిపించాయి. వాటి కొమ్మ ముక్కల నుంచి వేల మొక్కలు వచ్చాయి.

రోడ్రిగ్స్ దీవిలో కఫే మారోన్ అనే మొక్క కథ ఇంకా కష్టమైనది. 1979 ప్రాంతంలో ఒక బడి పిల్లవాడు గుర్తించిన ఒక్క మొక్కే దానికి ఆధారం. మందుగా పనికొస్తుందనే నమ్మకంతో జనం ఆకులూ కొమ్మలూ తుంచుకుపోతుంటే చుట్టూ కంచెలు వేశారు. 1986లో లండన్‌లోని క్యూ ఉద్యానవనానికి పంపిన కొమ్మల్లో ఒకటి వేరు పట్టి, విరగబూసింది, కానీ కాయలేదు. కార్లోస్ మగ్దలేనా అనే ఉద్యాన నిపుణుడు కీలాగ్రాన్ని, అంటే పువ్వులో పుప్పొడిని అందుకునే కొనను, కోసి, ఆ కోతకు పుప్పొడి రాస్తూ, పువ్వు తరువాత పువ్వుగా ప్రయత్నించి 2003లో మొదటి కాయ సాధించాడు. ఆ తరువాత విత్తనాలు రోడ్రిగ్స్‌కు తిరిగి వెళ్లాయి. మొలకలు లేచినప్పుడు వాటి ఆకులు తల్లి మొక్క గుండ్రని పచ్చని ఆకుల్లా లేవు. సన్నగా, పొడవుగా, ఎండిపోయినట్టు గోధుమ రంగులో ఉన్నాయి. రోడ్రిగ్స్ తాబేళ్లు 1800 ప్రాంతంలోనే పోయాయి. వాటి కంట పడకుండా వేసే ఆకులను ఆ మొలకలు ఇప్పటికీ వేస్తున్నాయి.