రెండు శాతం ఓట్ల తేడా, ఇరవై ఐదు సీట్ల తేడా

హనుమకొండ

చిరంజీవులైన పిల్లలకు తాతయ్య ఆశీస్సులు.

2023 డిసెంబరులో మన తెలంగాణ శాసనసభ ఎన్నికల ఫలితాలు వచ్చిన రోజున మీరొక ప్రశ్న అడిగారు. కాంగ్రెసుకు 39 శాతం పైచిలుకు, బీఆర్‌ఎస్‌కు 37 శాతం పైచిలుకు ఓట్లు వచ్చినప్పుడు, ఒకరికి 64 సీట్లు, మరొకరికి 39 సీట్లు ఎలా వచ్చాయని. అదే ఫలితాల్లో మరో విషయం కూడా ఉంది. దాదాపు 14 శాతం ఓట్లు తెచ్చుకున్న బీజేపీకి 8 సీట్లు దక్కితే, రెండు శాతం పైచిలుకు ఓట్లు మాత్రమే వచ్చిన మజ్లిస్‌కు 7 సీట్లు దక్కాయి. లెక్కింపులో పొరపాటేమీ జరగలేదు. మన పద్ధతి పనిచేసే తీరే అంత.

రాష్ట్రమంతటా ఒకే ఎన్నిక జరిగిందని మనం అనుకుంటాం గానీ, నిజానికి జరిగినవి 119 వేర్వేరు ఎన్నికలు. ఒక్కో నియోజకవర్గంలో అందరికంటే ఒక్క ఓటు ఎక్కువ వచ్చినవారు గెలుస్తారు. సగం ఓట్లు రావాలన్న నియమం లేదు. ఓడినవారికి పడిన ఓట్లు అక్కడితో ఆగిపోతాయి, పక్క నియోజకవర్గంలో వాటికి లెక్క ఉండదు. అందుకే హైదరాబాదు పాతబస్తీలో ఒకేచోట గుమికూడిన రెండు శాతం ఓట్లు, రాష్ట్రమంతా చెదిరిపోయిన పద్నాలుగు శాతం ఓట్లతో దాదాపు సమానమయ్యాయి.

ఇందుకు మన ఊరే ఒక పెద్ద సాక్ష్యం. ఇందిరాగాంధీ హత్య తర్వాత 1984లో జరిగిన లోక్‌సభ ఎన్నికల్లో కాంగ్రెసు దాదాపు సగం ఓట్లతో నాలుగు వందలకు పైగా సీట్లు గెలిచింది. బీజేపీకి దేశం మొత్తం మీద ఏడు శాతానికి పైగా ఓట్లు వచ్చినా గెలిచింది రెండే సీట్లు. వాటిలో ఒకటి గుజరాత్‌లోని మెహసానా, రెండవది మన హనుమకొండ. ఇక్కడ అంతకుముందు 1977లోనూ 1980లోనూ గెలిచిన పి.వి. నరసింహారావు గారు ఆసారి చందుపట్ల జంగారెడ్డి గారి చేతిలో ఓడిపోయారు. మహారాష్ట్రలోని రాంటెక్ నుంచి కూడా పోటీచేసి గెలిచినందువల్ల పార్లమెంటుకు వెళ్లగలిగారు. అదే ఎన్నికల్లో తెలుగుదేశం దేశం మొత్తం మీద నాలుగు శాతం చిల్లర ఓట్లతో 30 సీట్లు గెలిచి లోక్‌సభలో అతిపెద్ద ప్రతిపక్షంగా నిలిచింది. తక్కువ ఓట్లు వచ్చినవారికి పదిహేను రెట్లు ఎక్కువ సీట్లు దక్కాయన్నమాట.

ఈ పద్ధతి మనకు బ్రిటన్ నుంచి వచ్చింది. అక్కడ 2024లో లేబర్ పార్టీ మూడింట ఒక వంతు ఓట్లతో, 650 సీట్లున్న సభలో మూడింట రెండు వంతులకు కాస్త తక్కువగా సీట్లు గెలుచుకుంది. రిఫార్మ్ పార్టీకి 14 శాతం ఓట్లు వచ్చినా అయిదుగురే సభ్యులయ్యారు.

ఓట్లు ఎక్కువ, సీట్లు తక్కువ అన్న అన్యాయం ఒక్కటే అయితే లెక్కల పుస్తకంలోనే తేలిపోయేది. ఈ పద్ధతి ఓటరు మనసును కూడా మారుస్తుందన్నది నాకు అంతకంటే ముఖ్యమైన సంగతిగా తోస్తుంది. గెలవలేని వారికి ఓటు వేస్తే వృథా అవుతుందన్న భయంతో ఓటరు తనకు నచ్చినవారిని వదిలి, గెలిచే ఇద్దరిలో ఒకరిని ఎంచుకుంటాడు. ఈ పద్ధతి ఉన్నచోట బరిలో రెండు పెద్ద పక్షాలే మిగులుతాయని ఫ్రెంచ్ పండితుడు మారిస్ డువర్జే చెప్పింది ఇందుకే. ఒకే సమస్య మీద నిలబడే చిన్న సమూహాలకు అప్పుడు గొంతు ఉండదు. 2019లో నిజామాబాద్ లోక్‌సభ స్థానంలో ఏం జరిగిందో గుర్తు చేసుకోండి. పసుపు బోర్డు కావాలని, పసుపుకూ ఎర్రజొన్నకూ గిట్టుబాటు ధర కావాలని అడిగి అలసిపోయిన రైతులు 170 మందికి పైగా తామే నామినేషన్లు వేశారు. మొత్తం అభ్యర్థులు 185 మంది అయ్యేసరికి ఒక్కో పోలింగ్ కేంద్రంలో పన్నెండు బ్యాలెట్ యూనిట్లను వరుసగా పేర్చవలసి వచ్చింది. వారు గెలవడానికి కాదు, వినిపించడానికి నిలబడ్డారు. ఆ బాధను ఓటుగా మార్చి సభకు పంపగల దారి మన పద్ధతిలో వారికి కనిపించలేదు.

నెదర్లాండ్స్‌లో ఆ దారి ఉంది. అక్కడ దేశమంతటినీ కలిపి లెక్కిస్తారు, 150 సీట్లను పార్టీలకు వచ్చిన ఓట్ల నిష్పత్తిలో పంచుతారు. దేశం మొత్తంలో నూట యాభయ్యో వంతు, అంటే సుమారు 0.67 శాతం ఓట్లు వస్తే చాలు, ఒక సీటు ఖాయం. జంతువుల సంక్షేమం కోసమే పుట్టిన ఒక పార్టీ 2006లో అలా ఇద్దరు సభ్యులతో పార్లమెంటులో అడుగుపెట్టింది. దీనినే దామాషా పద్ధతి అంటారు. అయితే దానికీ ఖరీదు ఉంది. సాధారణంగా ఏ పార్టీకీ మెజారిటీ రాదు కాబట్టి ఎన్నికల తర్వాత పొత్తుల బేరాలు నెలల తరబడి సాగవచ్చు. బెల్జియంలో 2010 ఎన్నికల తర్వాత కొత్త ప్రభుత్వం ఏర్పడటానికి 541 రోజులు పట్టింది. ఇజ్రాయెల్ ప్రజలు 2019 నుంచి 2022 లోపు అయిదుసార్లు ఓటు వేయవలసి వచ్చింది.

జర్మనీ వారు మధ్యేమార్గం పట్టారు. ప్రతి ఓటరుకూ రెండు ఓట్లు ఉంటాయి. ఒకటి తన నియోజకవర్గపు అభ్యర్థికి, రెండవది పార్టీకి. సభలో ఏ పార్టీకి ఎన్ని సీట్లన్నది ప్రధానంగా రెండవ ఓటే నిర్ణయిస్తుంది. చిన్నాచితకా పార్టీలతో సభ చీలిపోకుండా అయిదు శాతం గీత ఒకటి గీశారు. 2025లో ఒక కొత్త పార్టీ 4.98 శాతం దగ్గర ఆగి, ఒక్క సీటు కూడా లేకుండా మిగిలిపోయింది. ఏ గీత గీసినా దాని అవతల ఎవరో ఒకరు ఉంటారు. న్యూజిలాండ్‌లో 1978లోనూ 1981లోనూ ఎక్కువ ఓట్లు వచ్చిన పార్టీ ఓడిపోయి తక్కువ ఓట్లు వచ్చిన పార్టీ గద్దెనెక్కడంతో జనం విసిగిపోయి, 1993 రెఫరెండంలో ఈ రెండు ఓట్ల పద్ధతినే ఎంచుకున్నారు. పాలించే పద్ధతిని ప్రజలే ఓటు వేసి మార్చుకున్నారన్నది నాకు ఎంతో ఇష్టమైన సంగతి.

మరో పద్ధతి కోసం మీరు దూరదేశాలకు వెళ్లనక్కరలేదు. వరంగల్–ఖమ్మం–నల్లగొండ ఉపాధ్యాయుల నియోజకవర్గంలో ఎమ్మెల్సీ ఎన్నికలప్పుడు నేను వేసే ఓటు వేరే రకం. అక్కడ యంత్రం ఉండదు. కాగితపు బ్యాలెట్ మీద, అధికారులిచ్చిన ఊదారంగు పెన్నుతోనే, నాకు బాగా నచ్చినవారి పేరుకు ఎదురుగా 1 అని, తర్వాతివారికి 2 అని, ఆ తర్వాత 3 అని అంకెలు వేయాలి. టిక్కు పెట్టినా, 1 అనే అంకె ఇద్దరికి వేసినా ఆ ఓటు చెల్లదు. చదువు చెప్పేవారి ఓట్లలోనూ చెల్లనివి ఉంటాయంటే మీరు నమ్మరు. చెల్లిన ఓట్లలో సగానికి పైగా ఎవరికైనా వస్తే వారు గెలిచినట్టే. రాకపోతే అందరికంటే తక్కువ వచ్చినవారిని తొలగించి, వారి కట్టలోని ఒక్కొక్క బ్యాలెట్ తీసి, అందులో 2 ఎవరికి ఉందో చూసి ఆ అభ్యర్థి కట్టలో కలుపుతారు. 2021లో పట్టభద్రుల స్థానానికి 71 మంది పోటీచేయడంతో నల్లగొండలో ఈ తొలగింపులు, కలపడాలు రోజుల తరబడి రాత్రింబవళ్లు సాగాయి.

ఆస్ట్రేలియాలో దిగువ సభ ఎన్నికలన్నీ ఇలాగే జరుగుతాయి. ఇందులో నా మొదటి ఓటు నాకు నిజంగా నచ్చినవారికే వేయగలను. వారు ఓడినా నా మాట పూర్తిగా పోదు. అభ్యర్థి కూడా ఎదుటివారి అభిమానులను తిట్టి వదులుకోలేడు, వారి రెండవ అంకె తనకు కావాలి కాబట్టి. ఫ్రాన్స్‌లో అదే పనిని రెండు విడతల పోలింగుతో చేస్తారు. 2002 అధ్యక్ష ఎన్నికల్లో పదహారు మంది నిలబడి వామపక్షాల ఓట్లు తలా ఒక దిక్కుకు చీలడంతో, సోషలిస్టు అభ్యర్థి జోస్పాన్ మొదటి ఇద్దరిలో నిలవలేక మొదటి విడతలోనే తప్పుకోవలసి వచ్చింది. అంకెలు వేసే పద్ధతే ఉంటే ఆ చీలిన ఓట్లలో చాలా భాగం ఆయనకు తిరిగి చేరేవని నా నమ్మకం.

మరి మన పెద్దలకు ఇవన్నీ తెలియవా అంటే, బాగా తెలుసు. దామాషా పద్ధతి కావాలన్న సవరణ 1949 జనవరిలో రాజ్యాంగ సభ ముందుకు వచ్చింది. దానిలోనూ ఓటరు అంకెలు వేయాలి గనుక అక్షరాస్యత అంతగా లేని దేశంలో అది కష్టమనీ, సభ ముక్కలైతే ప్రభుత్వం నిలవదనీ అంబేడ్కర్ గారు దానిని వద్దన్నారు. చదవగలిగినవారు అయిదింట ఒకరు కూడా లేని ఆ రోజుల్లో ఆ మాటలో న్యాయం ఉంది. మొదటి కారణం ఇప్పుడు అంత బలంగా లేదు, రెండవది ఉంది. పైగా బోరు కావాలన్నా, పింఛను ఆగిపోయినా వెళ్లి నిలదీయడానికి మన ఊరికంటూ ఒక ఎమ్మెల్యే ఉండాలి. దామాషా పద్ధతిలో పార్టీ ఇచ్చిన జాబితాలోంచి వచ్చిన పేరును జనం ఏ గుమ్మం ముందు నిలదీస్తారు? కాబట్టి నియోజకవర్గాలు ఉండాలి, ఓటు మాత్రం అంకెలతో వేయాలి అన్నది నా అభిప్రాయం. 1999లో లా కమిషన్ మరో దారి చెప్పింది. ఉన్న సీట్లు ఉండగానే లోక్‌సభలో మరో పాతిక శాతం సీట్లు పెంచి వాటిని జాబితా పద్ధతిలో నింపమంది. అది కాగితం మీదే ఉండిపోయింది.

జాబితా పద్ధతి తేవాలంటే రాజ్యాంగాన్నే సవరించాలి, ఎందుకంటే లోక్‌సభ సభ్యులను ప్రాదేశిక నియోజకవర్గాల నుంచి ఎన్నుకోవాలని 81వ అధికరణం చెబుతోంది. ఎక్కువ ఓట్లు వచ్చినవారే గెలుస్తారన్నది మాత్రం రాజ్యాంగంలో లేదు, ఎన్నికల చట్టంలోనూ నియమాల్లోనూ ఉంది. అంకెల ఓటు కావాలంటే పార్లమెంటు వాటిని మారిస్తే సరిపోతుందని నేను అర్థం చేసుకున్నాను. ఒక్క మీట నొక్కే ఇప్పటి యంత్రాలను అప్పుడు మార్చవలసి వస్తుంది, లేదా ఎమ్మెల్సీ ఎన్నికల్లో లాగా కాగితానికి తిరిగి వెళ్లవలసి వస్తుంది.

మీ తాతయ్య